ఎత్సుకో షిహోమి: సోనీ చీబా శిష్యురాలు అని ఒక్క ముక్కలో తేల్చేయదగ్గ నటేనా?

రీలుబండి:
2024లో 'షోగన్' సీరియల్‌కి జపాన్ నటుడు హిరోయుకి సనదకి ఎమ్మీ వచ్చినప్పుడు ఇక్కడ చాలామంది ఆయన పాత సినిమాల కోసం వెతికారు. వెతికిన ప్రతివాళ్ళకీ కరాటే సినిమాల హీరో సోనీ చీబా పేరు, స్టంట్లు నేర్పడానికి ఆయన 1970లో పెట్టిన జపాన్ యాక్షన్ క్లబ్ పేరు తగిలే ఉంటాయి. అదే క్లబ్బులో, సనద ఇంకా హీరో కాకముందే, పోస్టరు మీద మొదటి పేరు తనదిగా సినిమాలు చేసిన అమ్మాయి ఒకరున్నారు. పేరు ఎత్సుకో షిహోమి. ఆమె గురించి మన వేదికలో ఒక్క చర్చ కూడా లేదు, అందుకే ఇది మొదలుపెడుతున్నా.

పుట్టింది 1955లో, ఒకయామా ప్రాంతంలో. చీబా నటించిన 'కీ హంటర్' అనే టీవీ సీరియల్‌కి వీరాభిమాని. స్కూల్లో ఉండగానే క్లబ్బులో చేరింది. అక్కడ కరాటేతో సరిపెట్టరు. జిమ్నాస్టిక్స్, ట్రాంపొలిన్, కత్తిసాము, గుర్రపుస్వారీ, పైనుంచి దూకడం, దొర్లడం అన్నీ నేర్పిస్తారు. పద్దెనిమిదేళ్ళు నిండేసరికి ఆమె టీవీలో మరమనిషి పాత్ర చేసింది. పంతొమ్మిది రాకముందే తోయే స్టూడియో సినిమాలో కథానాయిక అయింది. చీబా లేకపోతే ఆమె లేదు, నిజమే. కానీ ఆమె చేసిన పని చీబా పనికి నకలు కాదని నా గట్టి నమ్మకం. చూసినవాళ్ళు రాయండి.

మొదటిఆట:
ఎన్నాళ్ళకి ఈ పేరు విన్నాను! నేను చూసింది 'సిస్టర్ స్ట్రీట్ ఫైటర్'. 1974 ఆగస్టులో వచ్చింది, దర్శకుడు కజుహికో యమగుచి. అప్పటి పరిస్థితి కొంచెం చెప్పాలి. బ్రూస్ లీ 'ఎంటర్ ది డ్రాగన్' జపాన్‌లో 1973 డిసెంబరులో విడుదలై ఊపేసింది. తోయే వాళ్ళు వెంటనే 1974 ఫిబ్రవరిలో చీబాతో 'ది స్ట్రీట్ ఫైటర్' దింపారు. అది ఆడింది. తర్వాత ఆడపిల్లని హీరోగా పెట్టి తీద్దామనుకుని మొదట హాంగ్‌కాంగ్ నటి ఏంజెలా మావోని అనుకున్నారు. అది కుదరలేదు. అప్పుడు చీబా తన క్లబ్బు అమ్మాయిని ముందుకు తోశాడు.

కథ మామూలే. లీ కోర్యూ అనే అమ్మాయి, సగం చైనా, సగం జపాన్. మాదకద్రవ్యాల ముఠాలోకి రహస్యంగా చొరబడిన అన్న కనపడకుండా పోతే, అతన్ని వెతుక్కుంటూ హాంగ్‌కాంగ్ నుంచి యొకొహామా వస్తుంది. ముఠావాళ్ళు విగ్గుల్ని హెరాయిన్‌లో నానబెట్టి రవాణా చేస్తుంటారు! విలన్ కకుజాకికి రకరకాల విద్యలవాళ్ళని పోగుచేసే పిచ్చి. ఒక్కొక్కడు తెర మీదికి రాగానే వాడి పేరు, వాడి విద్య అక్షరాల్లో పడతాయి. చిరుత చర్మాలు కట్టుకున్న థాయ్ ఆడవాళ్ళ గుంపు కూడా ఉంది. ఆఖర్న విలన్ చేతికి ఇనుప గోళ్ళు తొడుక్కుంటాడు. అది 'ఎంటర్ ది డ్రాగన్' నుంచి వచ్చిందని బ్రూస్ లీ అభిమానులకి చెప్పక్కర్లేదు.

ఇంత గోలలోనూ సినిమా నిలబడింది ఆ అమ్మాయి వల్లే. ఆమె కాలు ఎత్తితే ముఖం, పాదం ఒకే ఫ్రేములో కనపడతాయి. డూపుని పెట్టి వెనక నుంచి తీసే అవసరం కెమెరామన్‌కి పడలేదు. కొట్టే ముందు ఒక్క క్షణం ఆగి ఎదుటివాడిని చూసే చూపు ఉంది చూడండి, దానికే నేను అభిమానినయ్యాను. చీబా కొట్టేటప్పుడు ఊపిరి బుసలు కొడుతూ ముఖం మెలితిప్పేస్తాడు. ఈమె అలా చేయదు. నిటారుగా నిలబడుతుంది, కొడుతుంది, మళ్ళీ నిటారుగా నిలబడుతుంది.

ఇంకో సంగతి. ఆ కనపడకుండా పోయిన అన్న వేషం వేసింది హిరోషి మియౌచి. 'కమెన్ రైడర్ వీ3' అనే టీవీ సీరియల్లో హీరో. జపాన్ పిల్లలకి అప్పట్లో దేవుడు. ఆయన్ని తీసుకొచ్చి చెల్లెలు కాపాడాల్సిన అన్నగా కూర్చోబెట్టారు.

శ్రావణి:
రీలుబండి గారూ, మీరు చెప్పారని చూడాలని ఉంది గానీ ఒక సందేహం. డెబ్భైల్లో తోయే వాళ్ళ ఆడవాళ్ళ యాక్షన్ సినిమాలంటే నాకు కొంచెం భయం. రౌడీ అమ్మాయిల కథ అని మొదలుపెట్టి సగం సినిమా బట్టలు చింపడంతోనే సరిపెడతారు. ఒకటి రెండు చూసి మధ్యలోనే ఆపేశాను. ఇవీ అంతేనా?

రీలుబండి:
శ్రావణి గారూ, మంచి ప్రశ్న. సూటిగా చెప్తాను. మీరంటున్నవి రేకో ఇకే, మికి సుగిమోతో లాంటివాళ్ళతో తీసిన వరస. అదే స్టూడియో, అవే సంవత్సరాలు. షిహోమి సినిమాల్లో ఆమె పాత్ర జోలికి మాత్రం అలా ఎవరూ వెళ్ళరు. ఆమెని చూపించేది ఒక విద్య వచ్చిన మనిషిగానే. మెయికో కాజి 'స్కార్పియన్' సినిమాల్లో కథానాయిక పగ పట్టేది తనకు జరిగిన ఘోరం వల్ల. షిహోమి పాత్రలకి అలాంటి గతం ఉండదు. అన్న కోసమో స్నేహితురాలి కోసమో వస్తుంది, తనకి వచ్చిన విద్యతో పోరాడుతుంది. ఆ రోజుల తోయేలో ఇది చిన్న విషయం కాదు.

అయితే చుట్టూ ఉన్న మిగతా ఆడ పాత్రల సంగతి వేరు. 'సిస్టర్' వరసలో రెండో సినిమా 'హ్యాంగింగ్ బై ఎ థ్రెడ్' (1974 డిసెంబరు) లో వజ్రాల దొంగరవాణా కోసం అమ్మాయిల ఒంట్లో కోసి వజ్రాలు దాచే ఆపరేషన్ సీన్లున్నాయి. అవి చూడటం కష్టం. ముందే తెలిసి చూడటం మంచిది. మీకైతే నాలుగోది, 'ఫిఫ్త్ లెవెల్ ఫిస్ట్' (1976) తో మొదలుపెట్టమంటాను. దాన్ని తీసింది 'స్ట్రీట్ ఫైటర్' తీసిన షిగెహిరో ఒజావా. అందులో లీ కోర్యూ పాత్ర లేదు. షిహోమి క్యోటో కిమోనో వ్యాపారి కూతురిగా, కికు అనే అమ్మాయిగా వేసింది. తండ్రి పెళ్ళి చేద్దామంటాడు, ఈమె కరాటే అంటుంది. మిచ్చీ లవ్ వేసిన స్నేహితురాలి పాత్ర ఇంకా బాగుంటుంది. నల్లజాతి అమెరికన్ సైనికుడికీ జపాన్ తల్లికీ పుట్టిన పిల్లల మీద ఆ సమాజం చూపే చులకన ఈ కథలో సూటిగా ఉంది.

గోదారిగట్టు:
అందరూ మెచ్చుకుంటుంటే నేనొక్కణ్ణే అడ్డం మాట్లాడుతున్నానేమో, అయినా చెప్తాను. లెక్క చూడండి. 1974లో రెండు, 1975లో 'రిటర్న్ ఆఫ్ ది సిస్టర్ స్ట్రీట్ ఫైటర్', 1976లో ఒకటి. ఆ వరస అంతటితో ఆగిపోయింది. మిగతావాటిలో చాలా చోట్ల చీబా పక్కనే. 'ది స్ట్రీట్ ఫైటర్'లో ఆమెది చిన్న పాత్ర, పగవాడి చెల్లెలు. 'గోల్గో 13'లో (1977) కూడా హీరో ఆయనే. అమెరికాలో ఆమె సినిమాకి పెట్టిన పేరే చూడండి, కథకీ చీబా సినిమాకీ ఏ సంబంధమూ లేకపోయినా ఆయన పేరు మీద అమ్మారు. చీబా లేని షిహోమి ఎక్కడుంది? కరాటే మోజు తగ్గగానే స్టూడియో ఆమెని వదిలేసింది. నటిగా గొప్పదనడానికి ఆధారం కావాలి.

మన దగ్గర 1970లోనే కె.ఎస్.ఆర్. దాస్ 'రౌడీ రాణి'లో విజయలలిత గుర్రం ఎక్కి తుపాకీ పట్టింది. ఇక్కడ ఆమె పక్కన గురువుగారు ఎవరూ లేరు. పోలిక పెట్టాలంటే నేను విజయలలితకే ఓటేస్తాను.

మొదటిఆట:
గోదారిగట్టు గారూ, విజయలలిత గారంటే నాకూ ప్రాణం. కానీ ఇద్దరూ చేసిన పని వేరు. షిహోమి ఒక స్టంటు శిక్షణ కేంద్రంలో తయారై, తన ఫైట్లు తనే చేసుకుంటూ కథానాయిక అయిన మనిషి. ఇక్కడ మనకి అలాంటి ఏర్పాటే లేదు.

చీబా లేని షిహోమి కావాలంటే 1975లో వచ్చిన 'ది గ్రేట్ చేజ్' చూడండి. దర్శకుడు నోరిఫుమి సుజుకి. పగలు కారు రేసుల్లో ఛాంపియన్, లోపల రహస్య ఏజెంటు. మారువేషాల మీద మారువేషాలు వేస్తుంది. పక్కన మాక్ ఫుమియాకే అనే అసలు సిసలు ఆడ కుస్తీ వీరురాలు. విలన్ ఎలుగుబంటి తోలు తొడుక్కుని తిరుగుతాడు. సినిమా మొత్తం ఆమె భుజాల మీదే నడుస్తుంది, ఇంకే పెద్ద హీరో లేడు. ఒక వేషం నుంచి ఇంకో వేషానికి మారినప్పుడల్లా నడక, భుజాల వాలు అన్నీ మారుస్తుంది. నటన అంటే ఏడవడం ఒక్కటే కాదు కదా.

టోక్యోతెలుగు:
చాలాకాలంగా ఇక్కడ చదివి వెళ్ళిపోవడమే నా పని. ఈ చర్చ చూశాక రాయకుండా ఉండలేకపోయాను. జపాన్‌లో ఆమె పేరు ఎత్తితే కరాటే సినిమాల మాట తర్వాత సంగతి. యాభైలు దాటినవాళ్ళకి ముందు గుర్తొచ్చేది 'బిజిండర్'. బొమ్మల కథల రచయిత ఇషినొమొరి సృష్టించిన 'కికైడర్ 01' సీరియల్లో 1973 చివర్లో వచ్చిన పాత్ర. విలన్లు తయారుచేసిన మరమనిషి, చూడటానికి మారి అనే అమ్మాయి. ఆమె లోపల బాంబు పెడతారు. చొక్కా మూడో గుండీ విప్పితే పేలుతుంది. హీరోని నమ్మించి దగ్గరికి రప్పించాలని పంపిస్తారు. క్రమంగా ఆమెకి తను చేస్తున్నది తప్పని తెలుస్తుంది, ఇటువైపు వచ్చేస్తుంది. పిల్లల సీరియల్లో ఇంత బరువైన పాత్ర! పద్దెనిమిదేళ్ళ అమ్మాయి, మొదటి పెద్ద అవకాశం, అందులో తన ఒంటినే తను నమ్మలేని మనిషిగా నటించింది. ఇందులో చీబా ఎక్కడా లేడు.

కికైడర్ వరస హవాయిలో కూడా పెద్ద సంచలనం. 1974 నుంచి అక్కడి టీవీలో వేశారు. అక్కడ పెరిగినవాళ్ళు ఇప్పటికీ ఆ బొమ్మలు దాచుకుంటారు.

రెండో గుర్తు 'తొరా-సాన్'. కియోషి అత్సుమి నటించిన 'ఒతొకో వ త్సురాయి యో' వరస తెలుసు కదా, ప్రతి సినిమాలోనూ తొరా ఒక కొత్త అమ్మాయిని ఇష్టపడి ఆఖర్న ఒంటరిగా మిగిలిపోతాడు. ఆ అమ్మాయి పాత్ర దక్కడం ఏ నటికైనా పెద్ద గౌరవం. 37వ సినిమాలో, 1986 చివర్లో, అది షిహోమికి దక్కింది. క్యుషూలో బొగ్గు గనులు మూతపడ్డ ఊళ్ళో, చనిపోయిన నాటక సమాజం పెద్ద కూతురు మిహో. తండ్రిని ఎరిగిన తొరా పలకరించడానికి వెళ్తాడు. తర్వాత ఆమె టోక్యో వస్తుంది, చిన్న హోటల్లో పని చేస్తుంది. ఒక్క తన్ను లేదు, ఒక్క దూకుడు లేదు. తండ్రి వస్తువుల మధ్య కూర్చుని తొరాతో మాట్లాడే చోట ఆమె గొంతు వినండి. గోదారిగట్టు గారు అడిగిన ఆధారం అక్కడుంది. దర్శకుడు యొజి యమద ఊరికే ఎవరినీ తీసుకునే రకం కాదు.

గోదారిగట్టు:
తొరా-సాన్ సంగతి నాకు కొత్త విషయం, చూస్తాను. యమద పేరు చెప్పాక వాదించడం కష్టమే. కానీ నా అసలు మాట అలాగే ఉంది. 1976 నుంచి 1986 మధ్య పదేళ్ళు ఏమయ్యాయి? పంతొమ్మిదేళ్ళకే స్టార్ అయిన మనిషికి తోయే వాళ్ళు సరైన కథ ఒక్కటైనా రాయించారా?

రీలుబండి:
మీ కోపం స్టూడియో మీదైతే నేనూ మీ పక్షమే. మోజు ఉన్నంతకాలం వాడుకున్నారు, తగ్గాక వదిలేశారు. ఏడాదికి రెండు మూడు సినిమాల చొప్పున దాదాపు ఒకే మూసలో తీశారు. ముఠా, దొంగసరుకు, కనపడకుండా పోయిన మనిషి, విలన్ మేడలో చివరి ఫైటు. సరుకు మాత్రం మారుతుంది, ఒకసారి హెరాయిన్, ఒకసారి వజ్రాలు, ఒకసారి బంగారం. ఆ మూసని దాటి ఒక కథ రాసి ఉంటే ఆమె స్థానం ఇంకోలా ఉండేది.

కానీ ఆ పదేళ్ళు ఖాళీ కాదు. దర్శకుడు కింజి ఫుకసాకు ఆమెని వదల్లేదు. 1978లో 'యగ్యూ' సినిమాలో, అంటే 'షోగన్స్ సమురాయ్'లో, కత్తివీరుల ఇంటి ఆడపడుచు అకనేగా వేసింది. అదే ఏడాది 'మెసేజ్ ఫ్రమ్ స్పేస్'. 'స్టార్ వార్స్' జపాన్‌కి వచ్చేలోగా ముందే ఒకటి దింపాలని తోయే హడావుడిగా తీసిన అంతరిక్ష కథ. సనద కూడా ఉన్నాడు. షిహోమి అందులో ఎమెరలీడా అనే రాకుమారి. శత్రువులు ఆక్రమించిన తన గ్రహాన్ని కాపాడే ఎనిమిదిమంది కోసం ఎనిమిది గింజలు ఆకాశంలోకి వదులుతారు. వాటి జాడ పట్టుకుని వెళ్ళి ఆ ఎనిమిదిమందిని వెతికేది ఆమే.

ఆ ఎనిమిదిమంది ఆలోచన బకిన్ రాసిన 'హక్కెన్‌దెన్' నుంచి తీసుకున్నది. 1814లో మొదలుపెట్టి 1842 దాకా రాసిన మహా నవల. ఎనిమిది ముత్యాలు, ఎనిమిదిమంది వీరులు. అయిదేళ్ళ తర్వాత, 1983లో, ఫుకసాకు అదే నవల మీద ఆధారపడి 'లెజెండ్ ఆఫ్ ది ఎయిట్ సమురాయ్' తీసినప్పుడు ఆ ఎనిమిదిమందిలో ఒకరైన ఇనుసక కెనో పాత్ర షిహోమికి ఇచ్చాడు. నవలలో కెనో మగవాడు, ఆడవేషంలో నాట్యగాడిగా శత్రువు సభలోకి చొరబడి పగ తీర్చుకుంటాడు. సినిమాలో ఆ పాత్రని ఆడమనిషి వేస్తే నాట్యం, హత్య రెండూ ఒకే కదలికలో కలిసిపోయాయి. మొదటిసారి వీరుల్ని వెతికే రాకుమారి, రెండోసారి తనే వీరుల్లో ఒకరు. అయిదేళ్ళలో ఒకే దర్శకుడు ఆమె మీద పెట్టుకున్న నమ్మకం ఎంత పెరిగిందో నాకు అందులో కనిపిస్తుంది.

శ్రావణి:
కెనో పాత్ర గురించి రాసినది చదవగానే ఆ సినిమా వెతికి చూశాను. అందరూ హిరోకో యకుషిమరు కోసం చూసే సినిమా అట, నేను మాత్రం ఈవిడ వచ్చినప్పుడల్లా నిటారుగా కూర్చున్నా. నాట్యం చేస్తున్నప్పుడు చేతులు మెత్తగా తిరుగుతుంటాయి, నడుము మాత్రం ఫైటర్ నడుమే. ఎప్పుడు కత్తి బయటికి వస్తుందా అని టెన్షన్. ఇంత బాగా చేస్తూ 1987లో నటన మానేశారట, ఎందుకు? పెళ్ళి వల్లేనా?

టోక్యోతెలుగు:
అవునండీ. 1986లో టీబీఎస్ చానెల్లో 'ఒయకో గేమ్' అని సీరియల్. గాయకుడు త్సుయొషి నగబుచి, ఈవిడ జంట. తొరా-సాన్ సినిమాలో మిహో ప్రేమించే చిత్రకారుడు కూడా నగబుచే. 1987లో పెళ్ళి చేసుకున్నారు, ఆవిడ నటన మానేశారు. తర్వాత పిల్లలు, ఇల్లు. వాళ్ళమ్మాయి అయనె కూడా నటి అయింది. చాలా ఏళ్ళ తర్వాత షిహోమి పూల అలంకరణ కళాకారిణిగా పేరు తెచ్చుకున్నారు.

మొదటిఆట:
నాకు బాధ కలిగించేది ఇదే. చీబాకి 'కిల్ బిల్' (2003) వచ్చింది, కొత్త తరం తెలుసుకుంది. సనద ప్రపంచమంతా తిరుగుతున్నాడు. టరాంటినో రాసిన 'ట్రూ రొమాన్స్'లో (1993) హీరో పుట్టినరోజున చీబా సినిమాలు వరసగా మూడు చూడటానికి వెళ్తాడు, అందులో మూడోది 'సిస్టర్ స్ట్రీట్ ఫైటర్'. ఆ మూడోదానిలో హీరో ఎవరు? ఆమె. కానీ థియేటర్ బయట వెలిగేది చీబా పేరే. 2021లో చీబా చనిపోయినప్పుడు వచ్చిన నివాళుల్లో ఎన్నింటిలో ఆమె పేరు ఉందో వెతకండి, నేను వెతికాను.

శ్రావణి:
మొదటిఆట గారూ, మీ బాధ అర్థమైంది. కానీ ఆవిడ మానేయడాన్ని నష్టం అని మాత్రమే అనలేను. పద్దెనిమిదేళ్ళ నుంచి ముప్పై ఒకటి దాకా ఒళ్ళు పణంగా పెట్టి దూకిన మనిషి. మోకాళ్ళు, నడుము ఏ స్థితిలో ఉండి ఉంటాయో ఆలోచించండి. యాక్షన్ చేసిన ఆడవాళ్ళకి ముప్పై దాటాక అప్పటి స్టూడియోలు ఇచ్చేది ఏముంది? తల్లి వేషమో విలన్ భార్యో. మన విజయశాంతి గారికి 'కర్తవ్యం' (1990) లాంటి కథ దొరికింది, జాతీయ అవార్డు వచ్చింది. షిహోమికి అలాంటి కథ రాసేవాళ్ళు లేరు. తప్పు ఆవిడది కాదు.

గోదారిగట్టు:
శ్రావణి గారి మాటతో ఏకీభవిస్తాను. 'గ్రేట్ చేజ్' నిన్న రాత్రి చూశాను. ఎలుగుబంటి తోలు విలన్ దగ్గర సినిమా ఎటు పోతుందో అర్థం కాలేదు గానీ, మారువేషాల గురించి మొదటిఆట చెప్పింది నిజం. కుస్తీ అమ్మాయితో కలిసి ఇద్దరూ పోరాడే చోట ఒకరి పద్ధతి ఒకరికి అడ్డం రాకుండా ఉండటం నాకు బాగా నచ్చింది. ఒకరిది బరువు, ఒకరిది వేగం. ఇలాంటి జంటతో ఇంకో రెండు సినిమాలు తీయకపోవడం తోయే వాళ్ళ తెలివితక్కువతనం.

అయితే 'సిస్టర్' వరసని నేనిప్పటికీ గొప్పది అనను. ఆమె గొప్పది, సినిమాలు సగం సగం.

రీలుబండి:
దానికి నేను సరే అంటాను. కొత్తగా చూడాలనుకునేవాళ్ళకి నా సలహా: మొదట 'గ్రేట్ చేజ్', తర్వాత 1974 మొదటి 'సిస్టర్', ఆపైన 'ఎయిట్ సమురాయ్', ఆఖర్న తొరా-సాన్ 37. 'సిస్టర్' నాలుగూ కలిపి 'యారో వీడియో' (Arrow Video) కంపెనీ వాళ్ళు 2019లో బ్లూరేలో తెచ్చారు, బొమ్మ శుభ్రంగా ఉంది. పాత ఇంగ్లీషు డబ్బింగ్ జోలికి వెళ్ళకండి. ఆమె అరుపు ఆమె గొంతులోనే వినాలి.

టోక్యోతెలుగు గారూ, 'కికైడర్ 01'లో బిజిండర్ వచ్చే ఎపిసోడ్లు మొదలయ్యేది ముప్పయ్యో భాగం నుంచి కదా? అక్కడి నుంచి చివరిదాకా వరసగా చూసి ఒక్కో ఎపిసోడ్‌కి నాలుగు ముక్కలు రాద్దామా? గుండీ కథ ఎక్కడ ముగుస్తుందో మాత్రం ఎవరూ ముందే చెప్పకండి, శ్రావణి గారు ఇంకా చూడలేదు.

టోక్యోతెలుగు:
ముప్పై నుంచే. శనివారం మొదటి రెండు భాగాలు రాస్తాను. శ్రావణి గారు అప్పటికి చూసి ఉండాలి మరి.